పాతాళగంగ ఎవరి సొత్తు?

(రేడియో స్త్రీల కార్యక్రమంలో ప్రసారమైన ప్రసంగం)



ఈ పూట నేను ఒక చట్టాన్ని గురించి మాట్లాడబోతున్నాను. చట్టం అనగానే రేడియో కట్టేసి వంటింట్లోకి వెళ్ళకండి. నేనేమీ లాయరుని కాను. పదో తరగతితో చదువు ఆపేసి సంసారంలో పడ్డదాన్ని. కానీ ఈ చట్టం మన వంటింట్లోనే ఉంది. పొద్దున లేచి కొళాయి తిప్పినప్పుడు నీళ్ళు వస్తాయా రావా, ఈ నెల ట్యాంకరు వాడికి ఎంత కట్టాలి అనేది కొంతవరకు ఆ చట్టం మీదే ఆధారపడి ఉంది. నూట నలభై ఏళ్ళు దాటిన చట్టం అది. మన ముత్తవ్వల కాలం నాటిది.

ఆ సంగతి నాకు ఎలా తెలిసిందో ముందు చెబుతాను.

మాది అనంతపురం. మా అత్తగారు కాపురానికి వచ్చినప్పుడు మా పెరట్లో బావి ఉండేదట. ముప్పై అడుగుల లోతు, మెట్ల మీద కూర్చుని చెంబుతో నీళ్ళు ముంచుకునేవారట. నేను కాపురానికి వచ్చేనాటికి ఆ బావి ఎండిపోయి, దాని పక్కనే రెండు వందల యాభై అడుగుల బోరు వెలిసింది. అదీ బాగానే నడిచింది. మూడేళ్ళ కిందట పక్క స్థలంలో అపార్టుమెంటు కట్టారు. వాళ్ళు ఏడు వందల అడుగులు దింపారు. రెండు రాత్రుళ్ళు ఆ బోరు బండి మోతకు మాకు కంటిమీద కునుకు లేదు. ఆ వేసవి నడిమికల్లా మా మోటారు ఉత్తి గాలి కక్కడం మొదలుపెట్టింది.

మా వారు ఆ అపార్టుమెంటు కట్టించినాయన దగ్గరికి వెళ్ళి, "ఏమండీ, మీ బోరు వల్ల మా బోరు ఎండిపోయింది" అన్నారు. ఆయన మర్యాదగానే జవాబిచ్చాడు. "నా స్థలంలో నేను వేసుకున్నాను సార్. మీరూ ఇంకా లోతుకు వేసుకోండి, ఎవరు వద్దన్నారు?" అన్నాడు. మా వారికి ఒళ్ళు మండింది. "మనం తొమ్మిది వందలు వేద్దాం" అని బోరు బండికి కబురు పెట్టారు. అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకుని నీళ్ళ జాడ చెప్పే ఆయన కూడా వచ్చి, పెరట్లో ఈశాన్య మూల గీత గీసి పోయాడు.

ఆ సాయంత్రం మా ఇంట్లో పనిచేసే ఆవిడ అంట్లు తోముతూ, "అక్కా, మీరు కూడా అంత లోతు వేస్తే మా బోరింగు గతేంది?" అంది. మా వీధి చివర వాళ్ళ కాలనీ ఉంది. అక్కడ మునిసిపాలిటీ వాళ్ళు వేయించిన బోరింగు, అంటే చేతిపంపు, ఒకటుంది. నలభై కొంపలకు అదే ఆధారం. అపార్టుమెంటు బోరు పడ్డాక అదీ నీరసించింది. ఒక బిందె నిండాలంటే పావుగంట కొట్టాల్సి వస్తోందట.

నేను గతుక్కుమన్నాను. పక్కాయన మాకు చేసిన పనే మేము వాళ్ళకు చేయబోతున్నాం. ఆయన చెప్పిన జవాబే రేపు మేమూ చెబుతాం. "మా స్థలంలో మేము వేసుకున్నాం" అని. అంతకంటే లోతుకు వేసుకోమని వాళ్ళకు చెప్పగలమా? వాళ్ళకు స్థలమేది, లక్షల డబ్బేది?

మరి నిజంగా మన స్థలం కింద ఉన్న నీళ్ళన్నీ మనవేనా? ఈ ప్రశ్న పట్టుకుని మాకు తెలిసిన ఒక లాయరు గారిని అడిగాను. ఆయన చెప్పిందీ, తరవాత నేను చదివి తెలుసుకున్నదీ మీకు చెబుతాను.

1882లో తెల్లదొరలు మన దేశంలో ఒక చట్టం చేశారు. దాని పేరు ఈజ్‌మెంట్ల చట్టం. ఇరుగుపొరుగుల మధ్య దారి హక్కు, వెలుతురు హక్కు, నీటి పారుదల హక్కు వంటివి అందులో ఉన్నాయి. దాని 7వ సెక్షన్‌లో ఒక ఉదాహరణ ఇచ్చారు. ఫలానా కాలువ అని తెలియకుండా భూమి లోపల ఉండే నీటిని, ఆ భూమి యజమాని తన హద్దుల్లో ఎంతైనా తీసుకోవచ్చు అని దాని సారాంశం. ఎంత అన్న లెక్క లేదు. పక్కవాడి బావి ఎండితే ఏమిటన్న ప్రశ్న లేదు.

ఈ ఆలోచన మన ఊళ్ళలో పుట్టింది కాదు. 1843లో ఇంగ్లండులో ఒక తగాదా నడిచింది. ఒక నూలు మిల్లు యజమానికి బావి ఉండేది. దగ్గరలో ఒకాయన బొగ్గు గనులు తవ్వేసరికి ఆ బావి ఎండిపోయింది. మిల్లాయన కోర్టుకెక్కాడు. నేల కింద నీళ్ళు ఎక్కడి నుంచి ఎక్కడికి పోతాయో ఎవరికీ తెలియదు, తెలియని దాని మీద హక్కులూ బాధ్యతలూ ఎలా నిర్ణయిస్తాం, అది నేలలో భాగమే, నేల ఎవరిదో నీరూ వారిదే అన్న ధోరణిలో జడ్జీలు తీర్పు చెప్పారు. ఆ తీర్పు దారే తరవాత మన చట్టానికీ దారైంది.

ఆ రోజులకు అది తప్పని నేననను. అప్పుడు కరెంటు మోటారు లేదు, బోరు బండి లేదు. మనిషి గడ్డపారతో తవ్వాలి, ఎద్దులు కపిలెతో తోడాలి. ఎంత తోడినా ఎంతని తోడతారు? సాయంత్రం ఎద్దులను విప్పేస్తే తెల్లవారేసరికి బావిలో మళ్ళీ ఊట ఊరేది. పైగా భూమి లోపలి సంగతి నిజంగానే తెలియదు. ఇప్పుడు ఆ రెండు మాటలూ చెల్లవు. గంటకు వేల లీటర్లు లాగే మోటార్లు వచ్చాయి. నేల లోపల ఏముందో చెప్పే శాస్త్రమూ వచ్చింది.

ఆ శాస్త్రం చెప్పేది మన వంటింటి భాషలో చెబుతాను. మా రాయలసీమలో పైన కొంత మట్టి, గరుసు ఉంటాయి. దాని కింద గట్టి రాయి. వాన నీళ్ళు ఇంకి గరుసులో నిలుస్తాయి, కొంత రాతి పగుళ్ళలోకి దిగుతాయి. వెనకటి బావులు తోడుకున్నది పై గరుసులోని నీరు. మన బోర్లు లాగుతున్నది రాతి పగుళ్ళలో ఎన్నో ఏళ్ళుగా చేరిన నీరు. ఆ పగులు మా స్థలం దగ్గర మొదలై మా గోడ దగ్గర ఆగదు. మా ఇల్లు, పక్క అపార్టుమెంటు, వీధి చివర బోరింగు, అన్నీ ఒకే గంగాళంలో చెంబులు ముంచుతున్నట్టు లెక్క. పొడుగు చెయ్యి ఉన్నవాడికి అడుగు నీళ్ళు అందుతాయి. పొట్టి చెయ్యివాడు ఒట్టి చెంబుతో నిలబడతాడు. మన చట్టం ఆ పొడుగు చేతినే హక్కు అంటోంది.

ఇందులో ఇంకో అన్యాయం ఉంది, మనం ఆడవాళ్ళం గమనించవలసింది. నీటి హక్కును భూమికి ముడిపెట్టారు. అంటే భూమి లేనివారికి కింద నీటిలో చుక్క మీద కూడా హక్కు లేదు. కౌలు రైతుకు లేదు, అద్దె ఇంట్లో వాళ్ళకు లేదు. ఇక ఆడదాని పేర భూమి ఎంతమందికుంది చెప్పండి? ఉమ్మడి ఆస్తిలో ఆడపిల్లకు వాటా మన రాష్ట్రంలో 1985లో వచ్చింది, దేశమంతటికీ 2005లో వచ్చింది. కాగితం మీద వచ్చినా మనలో ఎందరు పుట్టింట్లో నోరు తెరిచి అడిగాం? నీళ్ళు మోసేది మనం, కాచేది మనం, బిందెల దగ్గర జుట్లు పట్టుకునేదీ మనమే. హక్కు మాత్రం పట్టా ఎవరి పేరనుంటే వారిది.

మరి స్వతంత్రం వచ్చాక ఎవరూ ఏమీ చెయ్యలేదా అంటే, చేశారు. రాజ్యాంగంలో నీరు రాష్ట్రాల విషయం. అందుకని భూగర్భ జలాల అదుపుకు ఒక నమూనా బిల్లు తయారుచేసి 1970లోనే కేంద్రం రాష్ట్రాలకు పంపింది. 1992, 1996, 2005 సంవత్సరాల్లో దాన్ని మార్చి మళ్ళీ పంపింది. సుప్రీంకోర్టు చెప్పిన మీదట 1997లో కేంద్ర భూగర్భ జల సంస్థ ఏర్పడింది. మన రాష్ట్రంలో తాగునీటి కోసం 1996లో ఒక చట్టం వచ్చింది. కాలువలు, చెరువుల నీటి పంపకంలో రైతు సంఘాలకు చోటిస్తూ 1997లో మరొకటి వచ్చింది. 2002లో నీరు, భూమి, చెట్ల చట్టం వచ్చింది. వాల్టా అంటారే, అదే.

ఈ వాల్టా చాలా మంచి చట్టం. బావులు, బోర్లు నమోదు చేయించాలని అందులో ఉంది. బోరు బండ్లవాళ్ళు కూడా నమోదు చేసుకోవాలి. ప్రజల తాగునీటి ఆధారానికి 250 మీటర్ల లోపు మోటారు పెట్టే బోరు వేయాలంటే ముందుగా అనుమతి పొందాలి. నీరు అడుగంటిన ప్రాంతాలను ప్రకటించి అక్కడ కొత్త బోర్లు ఆపవచ్చు. కట్టడాలకు వాన నీటి ఇంకుడు ఏర్పాట్లు అడగవచ్చు. ఇన్ని ఉన్నాయి.

లాయరు గారు ఇదంతా చెబుతుంటే నాకు మా వీధి బోరింగు కళ్ళలో మెదిలింది. మా ఇంటికి దానికి నూట యాభై అడుగులు కూడా లేదు. అంటే మేము అనుమతి లేకుండా వేయకూడదు. పక్క అపార్టుమెంటు వాళ్ళూ తీసుకుని ఉండాలి. మా వారు ఆఫీసుకు వెళ్ళి అడిగారు. అక్కడి గుమాస్తా, "మీ స్థలంలో మీరు వేసుకుంటే ఎవరడుగుతారు సార్?" అన్నాడట. చూశారా! 2002 చట్టం బీరువాలో ఉంది, 1882 చట్టం మనుషుల నాలుక మీద ఉంది.

అసలు లోపం అక్కడే అని నాకనిపిస్తుంది. కొత్త చట్టాలు తెచ్చాం, కానీ పాత మూలసూత్రాన్ని రద్దు చేయలేదు. నీ నేల కింది నీరు నీదే అని ఒక చేత్తో ఇచ్చి, కానీ అడిగి తీసుకో అని ఇంకో చేత్తో ఆపుతున్నాం. ఇలాంటప్పుడు కోర్టులు కూడా రెండు దారులు పడతాయి. దానికి కేరళలోని ప్లాచిమడ కథే సాక్ష్యం.

పాలక్కాడు జిల్లాలో అదొక చిన్న ఊరు. అక్కడ ఒక శీతల పానీయాల ఫ్యాక్టరీ సొంత స్థలంలో బోర్లు వేసి నీళ్ళు తోడింది. చుట్టుపక్కల బావుల నీరు తగ్గింది, ఉన్న నీరు నోట పెట్టుకోలేకుండా అయింది. 2002లో అక్కడి ఆదివాసులు ఫ్యాక్టరీ ముందు బైఠాయించారు. ఆ పోరాటంలో ముందు నిలిచిన మనిషి మైలమ్మ అనే ఆదివాసీ స్త్రీ. 2003లో పంచాయతీ లైసెన్సు పొడిగించనంది. తగాదా హైకోర్టుకెక్కింది. 2003 డిసెంబరులో ఒక జడ్జి గారు, భూగర్భ జలం ప్రజలందరిదీ, ప్రభుత్వం దానికి ధర్మకర్త మాత్రమే, ఒకరు తన స్థలమని అంతా తోడుకోకూడదు అన్నారు. 2005 ఏప్రిల్‌లో అదే హైకోర్టులో ఇద్దరు జడ్జీల బెంచి, భూమి యజమానికి తన నేలలో నీరు తీసుకునే హక్కు ఉంది అంటూ రోజుకు 5 లక్షల లీటర్ల దాకా తోడుకోవచ్చని చెప్పింది. ఊరు అదే, నీరు అదే. ఏ సూత్రం పట్టుకున్నారన్న దాన్ని బట్టి తీర్పు మారింది. ఫ్యాక్టరీ 2004లో మూతపడింది, మళ్ళీ తెరవలేదు. కానీ నీరు ఎవరిదన్న ప్రశ్నకు చట్టం ఇంకా తేటగా జవాబు చెప్పలేదు.

ఇంకో చిత్రం వినండి. ఈ సూత్రం పుట్టిన ఇంగ్లండులోనే దాన్ని అలా ఉంచుకోలేదు. 1963లో వాళ్ళు కొత్త చట్టం చేసి, నీరు తోడాలంటే లైసెన్సు తీసుకోవాలన్నారు. దొర గారు చొక్కా మార్చుకున్నారు, మనం ఆయన విడిచిన చొక్కా ఇంకా ఒంటి మీద ఉంచుకున్నాం.

మరి ఏం మారాలి? నాకు అర్థమైనంత వరకు మనవి చేస్తాను.

మొదటిది, నేల వేరు, నీరు వేరు అని చట్టం తేటగా చెప్పాలి. కింది నీరు అందరిదీ, ప్రభుత్వం ధర్మకర్త. 2017లో కేంద్రం తయారుచేసిన నమూనా ముసాయిదాలో ఈ మాట ఉంది. దాన్ని చట్టం చేయవలసింది రాష్ట్రాల శాసనసభలు.

రెండోది, తాగునీటికి ముందు పీట వేయాలి. తాగడానికీ వండుకోవడానికీ మిగిలాకే తోటలకూ కట్టడాలకూ ఫ్యాక్టరీలకూ. మనం ఇంట్లో చేసేది అదే కదా. నీళ్ళు తక్కువ పడ్డ రోజున ముందు తాగే బిందె నింపి, ఆ తరవాతే బట్టల సంగతి చూస్తాం.

మూడోది, లెక్క చూసే అధికారం ఎక్కడో ఆఫీసులో కాక ఊళ్ళో, వార్డులో ఉండాలి. ఆ కమిటీలో ఆడవాళ్ళుండాలి.

ఇక్కడ మీరు ఒక మాట అనవచ్చు. 'ఉమ్మడి గొడ్డు పుచ్చి చచ్చింది' అని సామెత ఉంది కదా, అందరిదీ అంటే ఎవరిదీ కాకుండా పోదా అని. నిజమే, ఊరికే అందరిదీ అని రాసి వదిలేస్తే అలాగే అవుతుంది. కానీ మన పెద్దలు చెరువు నీటిని ఉమ్మడిగానే కాపాడారు. మా ఊరి పక్కన బుక్కరాయసముద్రం చెరువు విజయనగర రాజుల నాటిది. అలాంటి చెరువుల కింద ఎవరి మడికి ఎప్పుడు నీరు వదలాలో చూడడానికి నీరుగంటి ఉండేవాడు. చెరువుకు నీరుగంటిని పెట్టుకున్న మనం పాతాళగంగకు ఎవరినీ పెట్టలేదు, అంతే.

పెట్టుకున్నవాళ్ళూ ఉన్నారు. 2003 నుంచి 2009 వరకు మా అనంతపురంతో సహా ఏడు కరువు జిల్లాల్లో రైతులే భూగర్భ జలాలను చూసుకునే ఒక పథకం నడిచింది. ఊళ్ళో వానమాపకం పెట్టి, బోర్లలో నీటిమట్టం కొలిచి, రబీ పంటకు ముందు అందరూ కూర్చుని లెక్క వేసేవారు. ఈ ఏడు ఇంత వాన పడింది, ఇంత ఇంకింది, ఇంతే వాడుకోవచ్చు. వరి పెడితే చాలదు, ఆరుతడి పంట పెడదాం. చదువు లేని ఆడవాళ్ళు కూడా నీటిమట్టం కొలవడం నేర్చుకున్నారు. వచ్చిన జీతమెంత, ఖర్చెంత అని ఒకటో తారీకున మనం వేసుకునే పద్దు లాంటిదే అది. అక్కడ పోలీసు లేడు, జరిమానా లేదు. లెక్క కళ్ళ ముందుంటే మనిషి తనంతట తాను చెయ్యి కాస్త వెనక్కి తీసుకుంటాడు.

రైతు మాట కూడా ఒకటి చెప్పాలి. పట్నంలో కూర్చుని, రైతులే నీళ్ళన్నీ లాగేస్తున్నారని అనడం తేలిక. అప్పు చేసి నాలుగు బోర్లు వేసి, నాలుగూ ఎండిపోయిన రైతులు మా జిల్లాలో ఊరూరా కనిపిస్తారు. 2004లో ఉచిత కరెంటు వచ్చాక మోటారు ఆపాలనే ఆలోచన పోయిందన్నదీ నిజమే. కానీ రేపు చట్టం మారి, అధికారి వచ్చి ముందుగా అర ఎకరం వాడి మోటారు విప్పి, పెద్ద తోటవాడి జోలికి పోకపోతే, అది సంస్కరణ కాదు. ఒక్క బోరు ఉన్నవాడి పొట్ట కొట్టకుండా, పది బోర్లవాడిని ముందు అడిగే చట్టం కావాలి.

చట్టం వచ్చేదాకా మనం చేయగలిగిందేమిటి? మీ వీధిలో కొత్త బోరు పడుతుంటే, అనుమతి ఉందా అని అడగండి. దగ్గరలో ప్రజల బోరింగు ఉంటే అడిగే హక్కు మీకుంది. నీళ్ళు పడని బోరును నోరు తెరిచి వదలకండి, వదలనివ్వకండి. పసిపిల్లలు అందులో పడి ఎన్ని తల్లుల కడుపులు కాలాయో మీకు తెలుసు. వాటిని పూడ్చాలని, కంచె వేయాలని 2010లో సుప్రీంకోర్టు ఆదేశించింది.

ఇక డాబా మీద వాన. మా జిల్లాలో ఏడాదికి సగటున 550 మిల్లీమీటర్ల వాన పడుతుంది. రాష్ట్రంలోకెల్లా తక్కువ. అయినా 100 చదరపు మీటర్ల డాబా, అంటే సుమారు పదకొండు వందల చదరపు అడుగులు ఉందనుకోండి, దాని మీద పడేది 55 వేల లీటర్లు. 5 వేల లీటర్ల ట్యాంకర్లు పదకొండు. అందులో కొంత ఆవిరై, కొంత పారిపోయినా ఎనిమిది ట్యాంకర్లు భూమిలోకి దింపవచ్చు. దాన్ని మురిక్కాలవలోకి వదిలేసి, ఏప్రిల్‌లో ట్యాంకరు కోసం వీధిలో నిలబడుతున్నాం.

మా సంగతి ఏమైందో చెప్పి ముగిస్తాను. మేము తొమ్మిది వందల అడుగుల బోరు వేయలేదు. ఆ డబ్బులో కొంచెంతో పాత బావిని శుభ్రం చేయించి, డాబా నీళ్ళు గులకరాళ్ళలో వడపోసి అందులోకి దింపాం. అపార్టుమెంటు వాళ్ళతో మాటలాడితే మొదట నవ్వారు. ఆ ఇంటి ఆడవాళ్ళతో మాట్లాడాక వాళ్ళూ ఇంకుడు గుంత తవ్వించారు. రెండు వానకాలాలు గడిచాయి. మా బోరులో ఇప్పుడు రోజూ గంట సేపు నీళ్ళొస్తాయి. ఎండలు ముదిరితే ట్యాంకరు తప్పడం లేదు. వీధి చివర బోరింగు మాత్రం మళ్ళీ పలుకుతోంది. మొన్న మా పనావిడ, "ఇప్పుడు బిందె అయిదు నిమిషాల్లో నిండుతోందక్కా" అంది. వానలు బాగా పడడం వల్లనో, మా గుంతల వల్లనో నేను చెప్పలేను. బహుశా రెండూను.

కానీ ఒక మాట మిమ్మల్ని ఆలోచించమంటాను. మేము ఆ బోరు వేయకుండా ఆగింది ఆవిడ అడిగింది కనుక. అడగకపోయి ఉంటే ఈపాటికి వేసి ఉండేవాళ్ళం, తప్పు చేశామని కూడా మాకు తెలిసేది కాదు. నలభై కొంపల తాగునీరు ఒక ఇంటివాళ్ళ మంచితనం మీద ఆధారపడకూడదు. అది చట్టం చూసుకోవలసిన పని. ఓట్లు అడగడానికి మీ గుమ్మంలోకి వచ్చినవారిని, రోడ్డు వేస్తారా, దీపం పెడతారా అని అడుగుతూనే ఉంటాం. ఈసారి ఇంకొకటి కూడా అడగండి. మా కాళ్ళ కింద నీరు ఎవరిదని మీ చట్టం చెబుతోంది, దాన్ని ఎప్పుడు మారుస్తారు అని.